వెనక వరసలో కాస్పర్

"భానోజీ! ఒరే భానోజీ, నువ్వు దిగితేనే నేను కదిలేది. లేదంటే నా సినిమా నేనే ఎగ్గొడతాను."

భీమిలి వీధిలో సైకిలు పట్టుకుని అరుస్తున్నవాడు దాలినాయుడు. ఆ సాయంత్రం గ్రంథాలయం హాల్లో వాడు తీసిన చిన్న సినిమా వేస్తున్నారు. మేడ మీద భానోజీ కడిగిన కుంచెనే మళ్లీ కడుగుతున్నాడు. ఆ మేడ రామజోగి మాస్టారిది; ఆరేళ్లుగా ఇద్దరూ ఆయన దగ్గరే బొమ్మలు నేర్చుకుంటున్నారు.

"తోటివాడికి పేరొస్తుంటే కడుపులో మంటగా ఉంటోంది మాస్టారూ. ఇది పోవాలంటే ఏం చెయ్యాలండీ?" అన్నాడు భానోజీ.

మాస్టారికి సూటిగా జవాబు చెప్పే అలవాటు లేదు. కళ్లజోడు తుడుచుకుంటూ మొదలుపెట్టారు.

"నేను ఆమ్‌స్టర్‌డామ్‌లో చదువుకునే రోజుల్లో, నేనున్న మేడలోనే ఎదురెదురు గదుల్లో ఇద్దరు చిత్రకారులుండేవారు. హెండ్రిక్, కాస్పర్. హెండ్రిక్ ఉన్నట్టుండి కాన్వాసు వదిలేశాడు. ఎవరో పారేసిన ఫిల్మ్ రీళ్లు ఏరుకొచ్చి, కెమెరా లేకుండా వాటి మీదే సూదితో గీసేవాడు. ఏడాదంతా గీస్తే మూడు నిమిషాల సినిమా. తెర మీద ఆ గీతలు వెన్నెట్లో వాన పడుతున్నట్టుండేవి. జనం సగంలోనే లేచిపోయేవారు. కాస్పర్ మాత్రం వెనక వరసలో చివరిదాకా కూర్చునేవాడు. ఎక్కడ తేలిపోయిందో పట్టుకుని మొహం మీదే చెప్పాలని. ముప్ఫై ఏళ్లలో ఒక్క ఆట మానలేదు. ఇంటికెళ్లి తన బొమ్మల్ని గోడవైపు తిప్పి పెట్టుకునేవాడట.

ముసలితనంలో హెండ్రిక్‌కి పేరొచ్చింది. పెద్ద మ్యూజియంలో అతని సినిమాలన్నీ వరసగా వేశారు. నన్నూ పిలిస్తే వెళ్లాను. హెండ్రిక్ లేచి కాస్పర్‌ని చూపించి, 'నా సినిమాలన్నీ పూర్తిగా చూసినవాడు ఇతనొక్కడే. హాలు ఖాళీ అయినప్పుడల్లా, వెనక ఒకడున్నాడులే అనుకుని ఇంకోటి మొదలుపెట్టేవాణ్ణి' అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. కాస్పర్ తలెత్తలేదు. బయటికొచ్చాక నాతో మెల్లగా, 'బాగాలేదని చెబుదామనే వెళ్లేవాణ్ణి. ఒక్కసారీ కుదరలేదు' అన్నాడు. మరి బాగుందని చెప్పావా అని అడిగాను. 'అదీ చెప్పలేదు' అన్నాడు. ఆ చలికాలంలోనే హెండ్రిక్ పోయాడు."

భానోజీ చేతిలో కుంచె ఆగిపోయింది. "కాస్పర్ అసూయ పోయిందాండీ?"

"నేనడగలేదు. కింద మీవాడు ఇంకా ఉన్నట్టున్నాడు, చూడు."

భానోజీ పిట్టగోడ దగ్గరికి వెళ్లి నిలబడ్డాడు. దూరంగా సముద్రం నేరేడుపండు రంగుకి తిరుగుతోంది.

"ఏరా, మొహం చూపించడానికొచ్చావా? దిగు" అన్నాడు దాలినాయుడు.

"నాయుడూ, నిన్న హాల్లో మీరంతా నీ సినిమా వేసి చూసుకుంటుంటే కిటికీ బయట నిలబడి మొత్తం చూశాన్రా" అన్నాడు భానోజీ. "బాగుంది. అదేరా నా ఏడుపు."