మన మడుగు, మా తోట

ఉత్తరాన కొండలు దిగి అడవి కాస్త పలచబడే చోట ఒక మడుగు ఉండేది. తుంగమ్మ అనే నీటికుక్క అందులోనే పుట్టి, అందులోనే పెరిగి, ఇద్దరు పిల్లల తల్లయింది. ఆ మడుగు చేపలతోనే దాని సంసారం గడిచేది. నలుగురిలో నోరు విప్పాలంటే తుంగమ్మకు చచ్చేంత సిగ్గు. ఎవరైనా ఒడ్డున నిలబడి పలకరిస్తే బుడుంగున మునిగి, వాళ్లు వెళ్లిపోయాక తేలేది.

ఒక రోజు కొండ మీద నుంచి నలుపు తెలుపు ఎలుగుబంటి దిగి వచ్చింది. కొండ కింద, మడుగు అవతలి పల్లంలో ఉన్న పెద్ద వెదురుతోట దానిది. గుండ్రటి మొహం, కళ్ల చుట్టూ కాటుక పూసినట్టు నల్లటి మచ్చలు. చూస్తే ఎత్తుకుని ముద్దాడాలనిపిస్తుంది. గోళ్లు మాత్రం బాగా దగ్గరికొస్తేగాని కనిపించవు.

"దొరా, దండాలు!" అని జంతువులన్నీ దారిచ్చాయి.

"ఛఛ, దొరేంటి? పెద్దన్న అనండి చాలు. ఒకరింటి గొడవలో వేలు పెట్టే అలవాటు మా వంశంలోనే లేదు" అన్నాడు ఎలుగుబంటి పెద్దన్న. తర్వాత నీళ్లకేసి చూసి, "ఆహా, ఎంత బాగుంది మన మడుగు!" అన్నాడు.

నక్క ఒక్క గంతు వేసింది. కొన్నాళ్లు కొండ అవతల తిరిగి వచ్చిందేమో, పెద్దన్న సంగతి తనకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదని దాని నమ్మకం. అందరూ దాన్ని నక్కబావ అనేవారు.

"విన్నారా? 'మన' అన్నాడు! అంత పెద్దవాడు మనల్ని కలుపుకుని మాట్లాడాడు. ఆ మాట లోతు మీకు తెలియదులే. తుంగమ్మా, నువ్వూ ఒకసారి 'మన మడుగు' అను."

"ఎందుకు బావా? ఇది మా మడుగే కదా" అంది తుంగమ్మ, నీళ్లలోంచి ముక్కు మాత్రం పైకి పెట్టి.

"ఎందుకేంటి, మర్యాద! ఆయన నోరారా 'మన' అంటే నువ్వు 'మా' అని మూతి ముడుచుకుంటావా? ఒక్క అక్షరం మారితే నీ సొమ్మేం పోయింది?"

పోయేదేమిటో ఆ అడవిలో పుట్టినవాళ్లకు తెలియాలి. ఏ చోటు ఎవరిదన్నదానికి అక్కడ వేరే రుజువులు ఉండవు. నలుగురి ముందు సొంత నోటితో ఏమంటే అదే కట్టుబాటు. కానీ అందరూ తనకేసే చూస్తుంటే తుంగమ్మకు తల తిరిగింది. ఆ చూపులు తప్పితే చాలనుకుంది.

"మన... మడుగు" అని గొణిగి మునిగిపోయింది.

"అందరూ విన్నారుగా?" అన్నాడు పెద్దన్న తియ్యగా.

మర్నాడు పెద్దన్న మడుగులో ఒక రాయి వేశాడు. కూర్చోవడానికన్నాడు. తర్వాత ఇంకోటి వేశాడు. కొంగలు వాలడానికన్నాడు. ఆ తర్వాత రాళ్లు పడుతూనే ఉన్నాయి గాని ఎందుకని అడిగినవాళ్లు లేరు. చూస్తుండగానే మడుగుకు అడ్డంగా గట్టు లేచింది. నీళ్లు అటు తిరిగి వెదురుతోటలోకి పారాయి. ఇటువైపు బురద మిగిలింది. చేపలు నీళ్లతోపాటే వెళ్లిపోయాయి. పిల్లలు ఆకలికి ఏడుస్తుంటే తుంగమ్మ ఇక మునగలేకపోయింది. మునగడానికి నీళ్లేవీ?

గట్టు మీద కూర్చుని వెదురు నములుతున్న పెద్దన్న దగ్గరికి వెళ్లింది.

"పెద్దన్నా, మా మడుగులో నీళ్లు..."

పెద్దన్న నమలడం ఆపేశాడు. "ఏమన్నావు? 'మా' అన్నావా?" కళ్లు తుడుచుకున్నాడు. "కొండ మీద ఎలుగుల జాతి మొత్తం మనసు నొప్పించావు తల్లీ. మా తాతల తాతలు ఈ నీళ్లలో కాళ్లు కడిగారు. వాసన చూడు, ఇంకా పోలేదు."

తుంగమ్మ వాసన చూసింది. బురద వాసన తప్ప ఏమీ రాలేదు.

"ఎంత పని చేశావే!" అని నక్కబావ పక్కకు లాగాడు. "ఆయన నొచ్చుకుంటే మామూలు నొప్పి కాదది. ఇంటికెళ్లి పిల్లలకు సర్దిచెప్పుకో."

ముళ్లపంది అవ్వకు ఒళ్లు మండి, ముళ్లన్నీ నిక్కబొడుచుకున్నాయి. "ఒక్కదానివే వెళ్తే అంతే. రాళ్లు తియ్యమని అందరం కలిసి అడుగుదాం" అని పంచాయితీ పెట్టించింది. అక్కడ ఏ మాట నెగ్గాలన్నా అందరూ "ఊఁ" అనాలి. కుందేలు ఊఁ అంది. జింక ఊఁ అంది. నక్కబావ నోట్లో మాత్రం పెద్దన్న ఇచ్చిన తేనెపట్టు ఉంది.

"తొందరెందుకు? ఇంకొంచెం ఆలోచిద్దాం" అన్నాడు మూతి నాక్కుంటూ.

ఈ సంగతి తెలిసి పెద్దన్న కబురు పంపాడు. "గుంపుగా వస్తే గోలే మిగులుతుంది. ఒక్కొక్కరే రండి, కడుపులో మాట చెప్పుకుందాం."

ఒక్కొక్కరే వెళ్లారు. ఒక్కొక్కరే మూతి తుడుచుకుంటూ వచ్చారు. ఎందుకు వెళ్లారో ఎవరికీ గుర్తులేదు.

"నువ్వు కూడానా అవ్వా?" అంది తుంగమ్మ.

"ఏం చెయ్యనే? ఆ వెదురు పిలకలు అంత లేతగా ఉన్నాయి" అంది అవ్వ, తల వంచుకుని. "నీళ్లు బాగా పారుతున్నాయేమో, తోట మహా ఏపుగా ఉంది."

తుంగమ్మ ఆ మాటే పట్టుకుని రోజంతా బురదలో కూర్చుంది.

ఇంతలో దక్షిణపు అడవి నుంచి ఏనుగుల మంద ఆ దారిన వచ్చింది. పెద్దన్న మనసు ఉప్పొంగింది. ఏనుగులు మెచ్చుకుంటే ఆ మాట ఎన్ని అడవులకు పాకుతుందో! వెదురుతోట ముందే విందు పెట్టాడు. అడవి మొత్తాన్నీ పిలిచాడు. తేనె పంచి, పొట్ట నిమురుకుంటూ లేచి నిలబడ్డాడు.

"ఈ అడవిలో మీ, మా అన్న మాటే లేదు. అంతా మన! కావాలంటే వీళ్లనే అడగండి."

"ఎంత గొప్ప మనసు!" అన్నాడు నక్కబావ. బయటివాళ్లకు అర్థం కాదేమోనని ఇంకోసారి అన్నాడు.

అప్పుడు తుంగమ్మ ముందుకొచ్చింది. వెనకాల బక్కచిక్కిన పిల్లలిద్దరూ ఉన్నారు. చూపు నేల మీద నుంచి లేవలేదు. మాట మాత్రం అందరికీ వినిపించింది.

"ఏనుగమ్మలూ, దూరం నుంచి వచ్చారు. ఈ తేనె మీకు ఏ మూలకు? మన వెదురుతోట అదిగో. మొహమాటపడకుండా తినండి."

"మీదా అమ్మా ఈ తోట?" అంది పెద్ద ఏనుగు.

"మనది. మన మడుగు నీళ్లతోనే పెరిగింది. పెద్దన్న ఇప్పుడే కదా చెప్పాడు."

"అయితే సరే" అంది ఏనుగు. తొండం చాపింది. ఫెళఫెళమని ఒక పొద వేళ్లతో సహా వచ్చేసింది.

పెద్దన్న నవ్వు నవ్వుగానే ఉండిపోయింది గాని, చెవులు మాత్రం వెనక్కి వాలాయి.

"పెద్దన్న అలా ఉన్నాడేంటి?" అంది కుందేలు.

"సంతోషం! పట్టలేని సంతోషం" అన్నాడు నక్కబావ.

ఇంకో ఏనుగు ఇంకో పొద పెరికింది. గున్న ఏనుగులు కేరింతలు కొడుతూ లోపలికి దూరాయి. వాటి వెనకే ముళ్లపంది అవ్వ కూడా "మన తోటే, మన తోటే" అంటూ పరిగెత్తింది.

"ఆగండి!" అని పెద్దన్న కొండ అదిరేలా అరిచాడు. "అది మా తోట!"

నములుతున్న నోళ్లన్నీ ఆగిపోయాయి.

"ఏమన్నాడే?" అంది అవ్వ, తోటలోంచి తల బయటపెట్టి.

"'మా' అన్నాడు అవ్వా. అందరి ముందూ, సొంత నోటితో" అంది తుంగమ్మ.

పెద్ద ఏనుగు ఒక వెదురుగడకు తొండం చుట్టి, పీకకుండా అలాగే పట్టుకుంది. "అయితే పెద్దన్నా, నీ 'మన' ఎక్కడిదాకా? మడుగు దాకానేనా, ఇక్కడిదాకానా? చెప్పేస్తే మా భోజనం మేం కానిస్తాం."

పెద్దన్న తొండాన్ని చూశాడు, తోటను చూశాడు, ఏనుగులెన్ని ఉన్నాయో చూశాడు.

"మా తోట మాది. వాళ్ల మడుగు వాళ్లది" అన్నాడు గంభీరంగా. "మొదటి నుంచీ నా మాట అదే. మధ్యలో ఆ రాళ్లు ఎవరు వేశారో నాకు తెలియదు. ఈ నక్క పనే అయ్యుంటుంది. దీనితోనే తీయిస్తాను."

"నేనా!" అన్నాడు నక్కబావ. పెద్దన్న మాట లోతు ఈసారి ఎవరూ చెప్పనక్కర్లేకుండానే తెలిసింది.

రాళ్లన్నీ నక్కబావే మోశాడు. నీళ్లు తిరిగొచ్చాయి, వాటితోపాటు చేపలూ వచ్చాయి. పెద్దన్న ఒడ్డున నిలబడి, తాతల నాటి స్నేహం వల్ల ఈ చిక్కు ఎంత చక్కగా విడిపోయిందో ఉపన్యాసం ఇచ్చాడు. తుంగమ్మతో సహా అందరూ చప్పట్లు కొట్టారు.

"బావా, పెద్దన్న నీకేసి చూసి నవ్వుతున్నాడు. దానర్థమేంటి?" అని అడిగింది కుందేలు.

"నాతో మోయించడానికి ఎక్కడో ఇంకా రాళ్లున్నాయని" అన్నాడు నక్కబావ, నడుం పట్టుకుని.

నీతి: బలవంతుడు నీ ఇంటికొచ్చి "మన" అంటే, వాడి ఇంటి ముందు నిలబడి అదే మాట నువ్వూ అని చూడు.