ఏరు దాటిన కొమ్ములు

పెద్దేటికి ఇవతల ఒక అడవి, అవతల ఒక అడవి. ఇవతలి అడవికి సింహం రాజు, నక్క మంత్రి. అవతలి అడవిలో చిరుతపులికీ రేచుకుక్కలకీ ఒక గుట్ట దగ్గర తగాదా వచ్చింది. ఆ గుట్ట ఎవరిదో చిరుతకీ సరిగ్గా తెలియదు, కుక్కలకీ తెలియదు. లోకంలో పెద్ద తగాదాలన్నీ ఇలాంటి వాటికోసమే వస్తాయి. దండును పంపి సాయం చేస్తే, గెలిచాక నిన్ను రెండడవుల రాజని పిలిపిస్తానని చిరుత సింహానికి కబురు పెట్టింది. ఆ మాట విన్నప్పటినుంచి సింహానికి నిద్ర పట్టలేదు.

పంపడానికి సింహానికి పిల్లలు లేరా అంటే, ఉన్నారు. వాళ్లకి ఎండ పడదట. అందుకని మంత్రి బాగా ఆలోచించి, యుద్ధానికి కొమ్ములున్నవాళ్లే పనికొస్తారు కాబట్టి దుప్పిపోతులు వెళ్లాలని తేల్చింది. పొరుగింటికి నిప్పంటుకుంటే మనింటికి రావడానికి ఎంతసేపని కూడా అంది. మధ్యలో అంత పెద్ద ఏరుంటే నిప్పు ఎలా దాటుతుందని ఎవరూ అడగలేదు. అత్త సొమ్ము అల్లుడు దానం చేసినట్టు, దుప్పుల బిడ్డల్ని సింహం చిరుతకి దానం చేసింది.

అలా వెళ్లినవాళ్లలో నూకాలమ్మ పెద్దకొడుకు ఈరిగాడు ఒకడు.

నూకాలమ్మ ముసలి దుప్పి. దుప్పి జాతికి అనుమానమే ఆస్తి, అది లేని దుప్పి పెద్దయ్యేదాకా బతకదు. కానీ నూకాలమ్మది మరీను. గడ్డి పరక కొరికే ముందు దాన్ని వాసన చూస్తుంది, ఆ తర్వాత తన ముక్కునే అనుమానిస్తుంది. ఈరిగాడు మాత్రం తల్లి పోలిక కాదు. ఆ ఏడే వెదురు పొదతో పోట్లాడి ఎడమ కొమ్ము కొన విరగ్గొట్టుకున్న ఘనుడు. ఉసిరికాయలు రాలే వేళకి వచ్చేస్తానే అమ్మా, నా వాటా దాచు అని చెప్పి, ఆ విరిగిన కొమ్మే ఊపుకుంటూ ఏరు దాటాడు.

ఉసిరికాయలు రాలాయి, ఎండాయి, మట్టిలో కలిశాయి. ఈరిగాడు రాలేదు. వెళ్లినవాళ్లలో ఎవరూ రాలేదు. ఏటి రాళ్ల మీదుగా రాకపోకలు సాగిస్తున్నది నక్క ఒక్కటే. వచ్చిన ప్రతిసారీ నిగనిగలాడుతూ వచ్చేది, అందరూ క్షేమం అనేది. అవతల గడ్డి రొమ్మెత్తు పెరిగిందనీ, మన పిల్లలు కొందరు అక్కడే పెళ్లిళ్లు చేసుకుని స్థిరపడ్డారనీ, ఇటు రమ్మంటే నవ్వుతున్నారనీ చెప్పేది. తల్లులు కొందరు మురిసిపోయారు. కొందరు కోడళ్ల మీద అలిగారు కూడా.

నూకాలమ్మకి మాత్రం ఆ క్షేమం గొంతు దిగలేదు. "నీ ఆరోగ్యం జాగ్రత్తగా చూసుకోమన్నాడు వదినా, నీ కొడుకు" అని నక్క చెప్పినప్పుడే ఆవిడ చెవులు నిక్కాయి. ఈరిగాడు పుట్టి బుద్ధెరిగాక తల్లి ఆరోగ్యం గురించి ఒక్కనాడు అడిగిన పాపాన పోలేదు. వాడు అడిగితే ఉసిరికాయలే అడుగుతాడు. ఏరు దాటగానే అంత బుద్ధిమంతుడెలా అయ్యాడు?

దానికి తోడు ఎండిన మద్దిచెట్టు మీది రాబందులు ఒకటి. నిరుడు వాటి ఎముకలు లెక్కపెట్టొచ్చు. ఇప్పుడు కొమ్మలు వంగేటంత బరువెక్కాయి. పొద్దున్నే ఏరు దాటిపోతాయి, సాయంత్రం తేన్చుకుంటూ వస్తాయి. చూస్తే ఇవతల అడవిలో చచ్చినవాళ్లెవరూ లేరు. ఏం తింటున్నారర్రా ఇంతలా అని నూకాలమ్మ అడిగితే, వాటిలో ఒక ముసలి రాబందు మొహం పక్కకి తిప్పుకుని, గాలి మార్పు పడింది పిన్నీ అంది.

నూకాలమ్మ తన అనుమానం ఎవరితోనూ అనలేదు. నోరు దాటితే నిజమైపోతుందేమోనని భయం. కానీ తల్లుల చూపులు మారడం నక్క కనిపెట్టింది. ఒకరోజు ఎవరూ ఏమీ అడగకుండానే, మన వీరులు పోయారని ఎవరో పుకార్లు పుట్టిస్తున్నారు, వాళ్ల నాలుక తెగ్గోయిస్తాను అని సభలో గర్జించింది. అప్పటిదాకా ఆ అడవిలో చావు అనే మాటే ఎవరూ ఎత్తలేదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టని ఊరికే అన్నారా!

ఆ తర్వాత నక్క వచ్చినప్పుడు వెంట కొమ్ముల మోపు తెచ్చింది.

దుప్పిపోతులకి ఏటేటా కొమ్ములు ఊడి మళ్లీ కొత్తవి మొలుస్తాయని అడవిలో అందరికీ తెలిసిందే. ఊడినవి చెట్ల కింద పడి ఉంటాయి. నక్క వాటిని దాటుకుంటూ తిరిగేదే గానీ, కొమ్ములేని జన్మ కనక ఏనాడూ వంగి చూసి ఎరగదు. పిల్లలకి కొమ్ములు ఊడాయి, అమ్మకి గుర్తుగా ఇమ్మని పంపారు అంటూ తల్లితల్లికీ ఒకటి పంచింది. ఏ తల్లికి ఆ తల్లి తన బిడ్డ కొమ్మును గుర్తుపట్టి, పొద దగ్గరికి తీసుకుపోయి కొన నాకిందే గానీ, మొదలు తిరగేసి చూడలేదు. నూకాలమ్మకి వచ్చిన కొమ్ము కొన విరిగి ఉంది. ఈరిగాడిదే, సందేహం లేదు. ఆవిడకి ఒక్క క్షణం లోకమంతా మంచిదే అనిపించింది. వెంటనే పాతబుద్ధి తలెత్తింది.

"ఊడే కాలం ఇంకా రాలేదే మంత్రిగారూ?"

"అవతలి నీళ్లు వేరు వదినా. అక్కడన్నీ ముందే" అంది నక్క.

అని ఊరుకోకుండా రెండో దండుకి చాటింపు కూడా వేసింది. వచ్చే పున్నమి వెళ్లిన మర్నాడు, ఈసారి కొత్తగా కొమ్ములొచ్చిన కుర్రాళ్లు ఏరు దాటాలి. నూకాలమ్మ చిన్నకొడుకు సన్నిగాడి కొమ్ముల మీది నూగు రాలి పట్టుమని పక్షం కాలేదు. వాడి పేరు అందరికంటే ముందు పిలిచారు.

ఆ సాయంత్రం ఏదుపంది పుల్లి వచ్చింది. నూకాలమ్మకి పొరుగు, నోటికి తాళం లేని మనిషి. ఏదుపందులకి ఊడిన కొమ్ము కొరకడమంటే ప్రాణం, దాంతోనే వాటి పళ్లు పదునెక్కుతాయి. పుల్లి కూడా అందుకే వచ్చింది. కొన జోలికి పోకు, మొదలు కాస్త గీరుకుని పో అని నూకాలమ్మ ఒప్పుకుంది. పుల్లి కొమ్మును తిప్పి, మొదలు దగ్గర నోరు పెట్టబోయి ఆగింది. మళ్లీ చూసింది. మెల్లిగా కింద పెట్టేసింది.

"ఆకలిగా లేదక్కా."

ఆకలి లేని ఏదుపందిని నూకాలమ్మ అంతకుముందెప్పుడూ చూడలేదు. ఏమిటో చెప్పి కదులు అంది.

పుల్లి చాలాసేపు నసిగింది. చివరికి, "నాకు పళ్లొచ్చిందగ్గర్నుంచీ ఇవే కొరుకుతున్నానక్కా. ఊడిన కొమ్ము మొదలు, పండు రాలిన తొడిమలాగా గుండ్రంగా ఉంటుంది. దీనికి పుర్రె ముక్క అంటుకుని ఉంది" అంది.

నూకాలమ్మ వంగి చూసింది. కొమ్ము కింద బెత్తెడు ఎముక, దాని మీద ఎండిన చర్మం, చర్మం మీద నాలుగు తెల్ల వెంట్రుకలు. ఈరిగాడు పుట్టిన రోజు తను నాకి ఆరబెట్టిన నుదురు అది. ఇన్నాళ్లూ అనుమానించింది నిజమేనని తేలింది. తేలినందుకు ఆవిడకి తన అనుమానం మీదే అసహ్యం వేసింది. ఒక్కసారి, ఈ ఒక్కసారి తప్పు కాకూడదా అని ఏడ్చింది.

పద, అందరికీ చెబుదాం అని పుల్లి ముళ్లు లేపింది. నూకాలమ్మ వద్దంది. మనం చెబితే కొడుకు మీద బెంగతో ముసలిదానికి మతి పోయిందంటుంది నక్క. దారిలో రాయికి తగిలి విరిగిందంటుంది. దాని దగ్గర మాటలకేం కరువు? అందుకని ముందు అబద్ధమంతా దానిచేతే, అందరి ఎదుటా, మళ్లీ వెనక్కి తీసుకోలేనంత గట్టిగా చెప్పించాలి. సన్నిగాడు దక్కాలంటే అదొక్కటే దారి.

మర్నాడు నూకాలమ్మ నక్క గుహకి వెళ్లి దండం పెట్టింది. నిన్నటిదాకా చెడు ఆలోచనలు చేశాను, కొమ్ము చూశాక మనసు కుదుటపడింది అంది. చిన్నవాడు భయపడుతున్నాడనీ, వాళ్లన్న కొమ్ము ఎలా ఇచ్చాడో మీ నోట నలుగురిలో వింటే ధైర్యం వస్తుందనీ బతిమాలింది. నక్క కళ్లు చికిలించి ఆవిడని కాసేపు పరకాయించింది. కానీ పొగడ్త కమ్మగా ఉంది. ఎప్పుడూ నమ్మని ముసలిదే నమ్మిందంటే ఇంక అడ్డేముంది? చెప్పేవాడికి వినేవాడు లోకువ. సరే వదినా, కంటికి కట్టినట్టు చెబుతాను అంది.

పున్నమి మర్నాడు పొద్దున ఏటి ఇసుకలో సభ. రాతి మీద సింహం, కింద వరసగా కుర్ర దుప్పులు, వెనక తల్లులు. నక్క గొంతు సవరించుకుని అందుకుంది. ఈరిగాడు పచ్చికలో నిలబడి తల విదిలించాడట. పండిన మారేడుకాయ రాలినట్టు కొమ్ము రాలిందట. వాడు నవ్వుకుంటూ నోట కరిచి తెచ్చి, మా అమ్మకివ్వండి మంత్రిగారూ అన్నాడట. కుర్రాళ్లలో ఇద్దరు ముగ్గురు నిటారుగా నిలబడ్డారు.

"మీరు పక్కనే ఉన్నారా?" అని అడిగింది నూకాలమ్మ.

"ఈ రెండు కళ్లతో చూశాను వదినా."

"దెబ్బగానీ నెత్తురుగానీ లేదు కదా?"

"చుక్క నెత్తురు లేదు. రాజుగారి పాదాల సాక్షి."

"వీళ్లందరి పిల్లలకీ అలాగే ఊడాయా?"

"అందరికీ అలాగే. అన్నీ నా చేతికే ఇచ్చారు."

నూకాలమ్మ తల ఊపింది. ఈరిగాడి కొమ్మును ఇసుకలో పెట్టి, మొదలు పైకి వచ్చేలా తిరగేసింది. పుల్లి తన బొరియలోంచి తెచ్చిన, నిరుడు ఊడిన పాత కొమ్మును దాని పక్కన పెట్టింది. రెండూ చూసుకోండమ్మా అని నూకాలమ్మ తల్లుల్ని పిలిచింది. తర్వాత నక్క వైపు తిరిగింది.

"కొమ్ము నవ్వుకుంటూ ఇచ్చాడన్నారు మంత్రిగారూ. నుదురు కూడా నవ్వుకుంటూనే ఇచ్చాడా?"

నక్క నోరు తెరిచింది. అవతలి నీళ్లు అని ఏదో అనబోయింది. అప్పటికే తల్లులు తమ తమ పొదలకేసి పరుగులు పెట్టారు. ఒక్కొక్కరూ కొమ్ము తెచ్చి ఇసుకలో తిరగేశారు. ఒకదానికి పుర్రె ముక్క, ఒకదానికి కనుబొమ ఎముక, ఒకదానికి చెవి మొదలు. మొదట ఎవరూ ఏడవలేదు. పక్కవాళ్ల కొమ్ము కూడా చూసి, అదీ అలాగే ఉందని తెలిశాక ఏడ్చారు.

సింహం రాతి మీద కదిలింది. తనకేమీ తెలియదనీ, మంత్రి చెప్పిందే నమ్మాననీ అంది.

"ఎద్దు పుండు కాకికి నొప్పా, ప్రభూ" అంది నూకాలమ్మ. "మీ పిల్లలు నీడపట్టున ఉన్నారు. మీకు తెలుసుకునే పనేం పడింది?"

సింహం రాయి దిగి వెళ్లిపోయింది. మర్నాడు కాకుల చేత చాటింపు వేయించింది, యుద్ధం మనమే గెలిచాం కాబట్టి ఇక దండు అక్కర్లేదని. ఎవరు గెలిచారో, ఆ గుట్ట ఏమైందో ఈనాటికీ ఎవరికీ తెలియదు.

కానీ ఆ పొద్దున ఇసుకలో ఇంకో పని జరిగింది. పిలవకుండానే కుర్ర దుప్పులు ఒక్కటై, తలలు వంచి, కొమ్ములు ముందుకు పెట్టి నక్క చుట్టూ నిలబడ్డారు. ఏటి వైపు మాత్రం సందు వదిలారు. సన్నిగాడు ఒక అడుగు ముందుకేసి అన్నాడు. "అక్కడ స్థిరపడ్డవాళ్లలో ఒక్కణ్ణి, ఒకే ఒక్కణ్ణి వెంటబెట్టుకుని రండి మంత్రిగారూ. అప్పుడు ఈ గట్టు ఎక్కనిస్తాం."

నక్క అటు చూసింది, ఇటు చూసింది. తోక కాళ్లమధ్య పెట్టుకుని రాయి తర్వాత రాయి దిగి ఏరు దాటింది. వెంటబెట్టుకుని రావడానికి అవతల ఎవరున్నారు గనక?

ఆ సాయంత్రం సన్నిగాడు తల్లి పక్కనే మేశాడు. వాడు గడ్డి కొరుకుతున్న చప్పుడు వింటూ నూకాలమ్మ చాలాసేపు ఏడ్చింది. ఉన్నవాడు దక్కినందుకు పోయినవాడి బాధ ఒక్క పిసరు కూడా తగ్గలేదు.

నక్క మాత్రం అవతలి గట్టు పొదల్లోనే దాక్కుని బతుకుతోందట. రేచుకుక్కలు దగ్గర్లో లేని వేళ చూసి, ఏటి ఒడ్డుకొచ్చి, అందరూ క్షేమం వదినా, దారివ్వండి అని అరుస్తుందట. ఇవతల మేస్తున్న దుప్పుల్లో ఒక్కటీ తలెత్తదు.

నీతి: బిడ్డల్ని పోరుకి పంపినవాడే క్షేమసమాచారం తెస్తే, దాన్ని తిరగేసి చూడనిదే నమ్మకూడదు.