చెదపురుగు మట్టి ముసుగు

ఒకప్పుడు చెదపురుగులు పట్టపగలు, నడివీధిలో, పెళ్లివారిలా ఊరేగుతూ తిరిగేవి. కాదనేవాళ్లెవరైనా ఉంటే ముందుకు రండి, చూద్దాం! రారు కదా? అయితే వినండి.

కొండకింద ఊళ్లో గవరమ్మ ఉండేది. కూతురు తవిటమ్మ పురిటికి వచ్చింది. పురిటింట్లో పొయ్యి ఆరకూడదు. బిడ్డకి నీళ్లు కాగాలి, తల్లికి కాపడం పెట్టాలి. అందుకని గవరమ్మ వేసవంతా కట్టెలు కొట్టింది. ఎన్ని కొట్టిందంటారు? కుప్ప వేస్తే చందమామ దాన్ని చుట్టి వెళ్లాల్సొచ్చింది! సూర్యుడు దగ్గరుండి వాటిని గలగలలాడేలా ఎండబెట్టాడు.

ఆషాఢం మబ్బు కనబడగానే గవరమ్మకి కంగారు పుట్టింది. కట్టెలన్నీ నేలమీదే, గోడకి ఆనించి పేర్చేసింది. పైనుంచి కిందదాకా తాటాకు చాపలు చుట్టి, చంటిబిడ్డకి పొత్తిగుడ్డ చుట్టినట్టు బిగించి కట్టింది.

“అమ్మా, ఊపిరాడటం లేదే!” అన్నాయి కట్టెలు.

“నోర్ముయ్యండి, జలుబు చేస్తుంది!” అంది గవరమ్మ.

వాన మొదలైంది. ఎంత వానంటే, చేపలు ఇళ్ల చూరు పట్టుకు వేలాడుతూ ఊరంతా చూసిపోయాయి! నేల చెమ్మ కట్టెల్లోకి ఎక్కింది. ఆరబెడదామంటే గాలికి దారి లేదు. చెమ్మ వెనకే చెదపురుగులూ ఎక్కాయి.

ఆ ముసురులోనే తవిటమ్మ ఆడపిల్లని కంది. ఈదురుగాలికి బిడ్డ ఒళ్లు చల్లబడుతోంది.

“వదినా, నీళ్లు! తొందరగా!” మంత్రసాని దాలమ్మ లోపల్నుంచి కేకేసింది.

గవరమ్మ చాప విప్పింది. కట్టె పైన బెరడు నిగనిగలాడుతోంది, లోపలంతా డొల్ల! మిగిలినవి పొయ్యిలో పెడితే పొగే తప్ప మంట లేదు.

“మేం ముట్టుకోలేదత్తా! చూడు, బెరడు చెక్కు చెదరలేదు,” అన్నాయి చెదపురుగులు, మూతులు తుడుచుకుంటూ.

గవరమ్మ నీళ్లకుండ ఎత్తుకుని వాకిట్లోకి పరుగెత్తింది. “సూర్యనారాయణా! నువ్వు ఎండబెట్టిన కట్టెల్ని చేతులారా పాడుచేసుకున్నాను. కోపం నామీద చూపించు. పసిగుడ్డుకి మాత్రం నీళ్లు కాచిపెట్టు తండ్రీ!”

సూర్యుడు మబ్బుల్ని పాతచీరలా పర్రున చించుకుని ఇంటికప్పు మీదకి దిగాడు. కుండలో నీళ్లు కుతకుతా ఉడికాయి! దాలమ్మ చన్నీళ్లు కలిపి స్నానం చేయించగానే బిడ్డ వెచ్చబడి, ఊరదిరేలా కేరుమంది.

అప్పుడు సూర్యుడి చూపు చెదపురుగుల మీద పడింది. “నా కష్టం తినేస్తారా? ఎక్కడ కనబడితే అక్కడ మాడ్చేస్తాను!”

వాటి తెల్లటి ఒళ్లు ముడుచుకుపోసాగాయి. “మా అమ్మా పురిట్లోనే ఉందత్తా! కదల్లేదు. అమ్మకే మోసుకెళ్లాం,” అని ఏడ్చాయి.

గవరమ్మ గుండె కరిగింది. బాలింత ఆకలి ఆవిడకి తెలియనిదా!

“వదిలెయ్యి తండ్రీ. నేలకి ఆనింది వాటిది, రాళ్లమీద ఎత్తిపెట్టింది నాది. ఇదే పంపకం!” అంది. గుప్పెడు తడిమట్టి తీసి వాటిమీద కప్పింది. “ఈ ముసుగులో తిరగండి, ఎండ తగలదు.”

మర్నాడే కట్టెల్ని రాళ్లమీదకెక్కించింది. గోడకి జానెడు ఎడం ఉంచింది. పైన మాత్రమే తాటాకు కప్పింది. కట్టెలు హమ్మయ్య అనుకున్నాయి.

అప్పటినుంచే చెదపురుగులు ఎండలోకి రాకుండా, మట్టిదారి కట్టుకుని దాని చాటునే నడుస్తున్నాయి. తడినేల మీద కట్టె కనబడితే మాత్రం, మా వాటా అంటూ వచ్చేస్తాయి.

సాక్ష్యం కావాలా? ఆ కుండలో వేలు పెట్టి “అబ్బా!” అన్న మనిషి ఉంది, వెళ్లి అడగండి. మంత్రసాని దాలమ్మ!