లేని పెళ్ళికి పోయిన బిందెలు

అనగా అనగా, బిందెలూ చెంబులూ చేసే కంచరివాళ్ళ ఊరొకటి. తెల్లారిందంటే టంగు టంగుమని సమ్మెట దెబ్బలే. ఆ ఊళ్ళో వీరాచారి అని ఒక ముసలాయన. చూపు ఆనదు. కొడుకేమో నోట్లో నాలుక లేని మనిషి. ఇంక ఇల్లు నడిపేదంతా కోడలు నాంచారే. రాగి కరిగించేది నాంచారి, అది ఇత్తడయ్యేలా తుత్తునాగం కలిపేది నాంచారి, బిందె కడుపు గుండ్రంగా కొట్టేది నాంచారి, తళతళా తోమేది నాంచారి. ఊఁ కొడుతున్నారా? చిట్టీ, అక్క జడ లాగకు.

ఒకరోజు పట్నం వర్తకుడు చెంగప్ప బండి కట్టుకుని వచ్చాడు. రాజుగారి కూతురి పెళ్ళట, కోటలోకి కొత్త బిందెలు కావాలట, పెళ్ళవగానే రాజుగారు డబ్బిస్తారట, ఆయన ఇవ్వగానే ఈయన ఇస్తాడట. ఇన్ని అటలు చెప్పాడు! నిరుడు అరువుకి చెంబులు తీసుకెళ్ళి, డబ్బు కాస్త కాస్త ఇస్తూనే ఉన్నాడు కదా అని నాంచారి నమ్మింది. ఏడాది కష్టమంతా బండికెత్తించింది.

వారం తిరక్కుండా చెంగప్ప దివాలా తీశాడని కబురు. రాజభటులు కొట్టుకి తాళం వేశారట. ఉన్న సరుకు అప్పులవాళ్ళందరూ తలా కాస్త పంచుకుంటారట. వీరాచారి కూలబడిపోయాడు.

"ఇంకేముంది తల్లీ, వెళ్ళి వరసలో నుంచో. ఒకటో రెండో దక్కుతాయి" అన్నాడు.

ఇంట్లో రాగి ముక్క లేదు, వచ్చే నెలకి గింజ లేదు. అయినా నాంచారి ఏడవలేదర్రా. కొంగు బిగించి పట్నం నడిచింది. చెంగప్పా, అప్పులవాళ్ళూ ఉండగానే రాజుగారి సభలో నిలబడి, "మహారాజా, తమరి అమ్మాయిగారి పెళ్ళి ఎప్పుడండీ?" అని అడిగింది.

రాజు తెల్లబోయాడు. "నాకు కూతురెక్కడిదమ్మా? ముగ్గురూ మగపిల్లలే!"

సభంతా గొల్లుమంది. చెంగప్ప మొహం మాడిపోయింది. గద్దించేసరికి ఒప్పేసుకున్నాడు. కొట్టు మూతపడుతుందని తెలిసే, లేని పెళ్ళి కల్పించి బిందెలు పట్టుకొచ్చాడట.

అప్పులవాళ్ళు ఊరుకుంటారా? మేమూ మునిగాం, నీకొక్కదానికే ఎందుకివ్వాలి అని లేచారు.

"బాబుల్లారా, మీరు ఆయన వ్యాపారం చూసి అప్పిచ్చారు, అది మునిగింది. నాకు లేని పెళ్ళి చూపించాడు. అబద్ధమాడి తెచ్చింది ఆయనదెలా అవుతుంది? ఆయనది కానిదాన్ని మీరెలా పంచుకుంటారు?" అంది నాంచారి.

రాజుగారు నిజమేనన్నారు. భటులు కొట్టు తెరిచి, బిందెలతోబాటు మూలనున్న చెంబులూ తెచ్చి ఆమె ముందు పెట్టారు. వాటి అడుగునా వీరాచారి గుర్తే ఉంది మరి. ఇదిగో, ఇక్కడ చూడాలి ఆ పిల్ల గొప్పతనం! చెంబులు వెనక్కి నెట్టేసింది.

"ఇవి నిరుడు అరువిచ్చినవండీ. అప్పుడాయన అబద్ధమాడలేదు. వీటిలో అందరితోపాటే నాకూ వాటా" అంది.

అడిగినవాళ్ళు లేరు, తెలిసినవాళ్ళు లేరు, తనంతట తనే చెప్పింది! ఇందాక మీదికి లేచినవాళ్ళే బిందెలు భుజాన మోసి బండికెత్తారు.

ఆ బిందెలు తిరునాళ్ళలో ఇట్టే అమ్ముడుపోయాయి, ఇంట్లో మళ్ళీ పొయ్యి వెలిగింది. చెంగప్పని కోట వంటశాలలో పనికి పెట్టి, ఆ జీతం రాజుగారు అప్పులవాళ్ళకి ఇప్పించారు. వాళ్ళూ సంతోషించారు.

అంచేత పిల్లలూ, మనదైతే ఎంతటివాళ్ళనైనా అడగాలి. మనది కాకపోతే ఎవరూ చూడకపోయినా పక్కన పెట్టాలి. సరే, కథ కంచి బండెక్కేసింది, మీరు దుప్పటి కప్పుకోండి.