రాజుగారి ఒళ్ళో మల్లి

వెన్నెలకొండ రాజ్యాన్ని ఏలిన గజపాలుడికి తీర్పులు చెప్పడమంటే మహా సరదా. ఫిర్యాదు సగంలో ఉండగానే తీర్పు వచ్చేసేది. ఆ తీర్పులకు భళా అనడమే సభలో అందరికీ పని, ఒక్క విస్సనకు తప్ప. ఆయన ఆస్థానంలో మాటకారి.

ఒకనాడు పడవ నడిపే ఓబయ్య, చాపలల్లే తిప్పమ్మ సభకు వచ్చారు. తిప్పమ్మ చంకలో ఏడాది పిల్ల మల్లి. ఇద్దరూ తాళి మాట ఎత్తకుండానే కాపురం పెట్టారు, పెళ్ళి మాట వచ్చేలోపే పోట్లాడి విడిపోయారు.

"పిల్ల నాది దొరా!" అన్నాడు ఓబయ్య.

"కన్నది నేనయ్యా!" అంది తిప్పమ్మ.

రాజు మీసం దువ్వాడు. "పెళ్ళే లేదు. కనుక దీనికి తండ్రీ లేడు, తల్లీ లేదు. ఎవరిదీ కానిదంతా రాజుదే. పిల్ల మాది!"

"భళా!" అంది సభ. తిప్పమ్మ పిల్లను గుండెకు అదుముకుని కూలబడింది. ఓబయ్య చేతులు జోడించాడు. వాళ్ళను చూసి విస్సన లేచాడు.

ఆయన తిప్పమ్మ దగ్గరకు వెళ్ళి, "భయపడకమ్మా, ఒక్క ఘడియ ఇలా ఇవ్వు" అని మెల్లగా చెప్పి పిల్లను తీసుకుని, తిన్నగా రాజు ఒళ్ళో కూర్చోబెట్టాడు.

"ఇదేమిటి? దాదికివ్వు!"

"అయ్యో ప్రభూ! తమ సొత్తును నిండు సభలో మరొకరి చేతికిస్తే, రాజుగారు వదులుకున్నారంటారు."

రాజుకు ఆ మాట నచ్చింది. మల్లికి మాత్రం రాజుగారి మీసం నచ్చింది. రెండు చేతులా పట్టి లాగింది. కిరీటం పక్కకు ఒరిగింది. బంగారు గిన్నెలో పాలు తెస్తే తోసేసి, ఆరున్నొక్క రాగం అందుకుంది. ఆపైన రాజుగారి భుజం మీంచి ఒళ్ళోకి వేలాడుతున్న పట్టుశాలువాను తడిపేసింది.

"దీని తల్లి ఎక్కడ?" అని అరిచాడు రాజు.

"తల్లి లేదని తమరే సెలవిచ్చారు కదా!"

"అదుగో, అక్కడ ఏడుస్తున్నదే, ఆమే తల్లి! పిలవవయ్యా!"

తిప్పమ్మ పరుగున వచ్చి ఎత్తుకుంది. పిల్ల ఏడుపు ఆపి, ఓబయ్య వైపు చేతులు చాచింది.

"ఆ తండ్రిని కూడా రమ్మను! మళ్ళీ మొదలెడుతుంది!"

విస్సన సభ వైపు తిరిగాడు. "విన్నారుగా! తల్లి ఎవరో, తండ్రి ఎవరో ప్రభువే చెప్పారు. ప్రభువు మాటే శాసనం!"

రాజు కిరీటం సర్దుకుంటూ విస్సనను గుర్రుగా చూశాడు. ఆపైన ఆపుకోలేక పొట్ట పట్టుకుని నవ్వాడు. "సరే, పిల్ల మీ ఇద్దరిదీ. ఎలా పెంచుకుంటారో మీరే చెప్పండి."

"పడవ ఒడ్డున ఉన్నన్నాళ్ళూ ఆయన దగ్గర ఉంటాది," అంది తిప్పమ్మ కళ్ళు తుడుచుకుంటూ.

"నేను ఏట్లో ఉంటే దానికాడే దొరా," అన్నాడు ఓబయ్య.

"మరి పెళ్ళి?"

"ముందు పోట్లాట తేలనీయండి దొరా!" అన్నారు ఇద్దరూ ఒక్కసారే.

రాజు మరింత నవ్వి, భుజం మీది పట్టుశాలువా తీసి విస్సనకు కప్పబోయాడు. "ఇదిగో నీ బహుమానం!"

విస్సన ఒక అడుగు వెనక్కి వేసి చేతులు జోడించాడు. "మహాప్రసాదం ప్రభూ! ఉతికించి ఇప్పించండి."