ఉప్పు కోసం ఆగిన వెన్నపండు

“‘కనుమలో మంచు జారింది, ఆయన దాని కిందే ఉండిపోయాడు’ అని లామా చెప్పనే చెప్పిందిగా. ఇంకా ఏం దాస్తావే ఆ పిల్ల దగ్గర?” అన్నాడు మిరపగాడు.

“నువ్వు నోరు మూసుకో. నువ్వు నోరు తెరిస్తే ఎవరో ఒకరి కళ్ళమ్మట నీళ్ళే,” అంది నిమ్మకాయ.

“అబ్బో. సముద్రం దాటి నిన్నగాక మొన్న దిగావు. మా ఇంటి సంగతి మాకే చెప్తున్నావా?”

“ఇల్లు మీదేలే. పిల్ల మీ ఒక్కళ్ళదే కాదు.”

ఈ గొడవంతా ఒక రాతి రోట్లో. రోట్లో పచ్చడి ఉంది. రోటి పక్కనే ఒక పిల్ల ముడుచుకుని నిద్రపోతోంది. హాయిగా పోయే నిద్ర కాదు. ఆకలికి ఒళ్ళు సోలిపోయి పట్టిన నిద్ర.

అసలు సంగతి మొదటినుంచీ చెప్తా, విను.

ఒకప్పుడు వెన్నపండు కోసినా నల్లబడేది కాదు. మనం అవకాడో అంటామే, అదే. ఎవరి కోసం కోశారో వాళ్ళు వచ్చేదాకా లేతాకులా పచ్చగా అలాగే ఉండేది. పొద్దుటికి వస్తే పొద్దుటిదాకా, పండక్కి వస్తే పండగదాకా. ఆగమంటే ఆగడమే దాని పని.

భూమికి అవతలి వైపు, దక్షిణ అమెరికాలో, పెద్ద పెద్ద కొండల మధ్య ఒక లోయ. ఆ లోయలో ఒక ఇల్లు. ఇంట్లో ముగ్గురు. మైతా, ఆయన భార్య ఊర్పి, వాళ్ళ కూతురు చస్కా.

మైతా పని ఉప్పు తేవడం. లామాల్ని తోలుకుని, కొండల సందున దారిగా ఉన్న కనుమ దాటి, అవతలున్న ఉప్పుమళ్ళకి వెళ్ళేవాడు. లామాలంటే ఒంటెకి చుట్టాలు. కాకపోతే మూపురం ఉండదు. ఒళ్ళంతా ఉన్ని, మొహం నిండా పొగరు. మైతా వాటి చెవులకి ఎర్ర ఉన్ని కుచ్చులు కట్టాడు. కొండ మీద ఎర్ర చుక్కలు కదిలాయంటే మైతా వస్తున్నట్టే.

ఉప్పు తెచ్చేవాళ్ళ ఇళ్ళల్లో ఒక పద్ధతి ఉండేది. కుచ్చులు కనపడగానే వెన్నపండు పచ్చడి మొదలుపెట్టాలి. ఉప్పు మాత్రం వెయ్యకూడదు. వచ్చినాయన చేతులు కడుక్కుని, తన సంచిలోంచి చిటికెడు ఉప్పు తీసి తనే వెయ్యాలి. అప్పటిదాకా ఇంట్లో ఎవ్వరూ ఏదీ ముట్టకూడదు.

ఆ రోజు కూడా చస్కానే ముందు చూసింది.

“అమ్మా, కుచ్చులు.”

ఊర్పి గబగబా లేచింది. పచ్చిమిరపకాయ రోట్లో వేసి నూరింది. “మెల్లగా తల్లీ, నడుం విరుగుతోంది,” అన్నాడు మిరపగాడు. ఉల్లిపాయ సన్నగా తరిగి, ఘాటు తగ్గాలని చన్నీళ్ళలో కడిగింది. “కడిగితే పోయే ఘాటా నాది,” అని గొణిగింది ఉల్లమ్మ. టమాటా గింజలు తీసి ముక్కలు కోసింది. కొత్తిమీర తుంచి పడేసింది.

ఆఖరున వెన్నపండు. రెండు చెక్కలు చేసి, గింజ తీసి పక్కన పెట్టి, చెక్క గరిటెతో గుజ్జంతా రోట్లోకి తోడి మెదిపింది. మరీ మెత్తగా కాదు. పంటి కింద ముక్క తగలాలి, మైతాకి అలాగే ఇష్టం. పైన నిమ్మకాయ పిండి, ఆ చెక్కని రోటి అంచునే వదిలేసింది. పచ్చడి అయిపోయింది. ఉప్పొక్కటే తక్కువ.

లామాలు గుమ్మం ముందుకొచ్చి నిలబడ్డాయి. వీపుల మీద ఉప్పు సంచులున్నాయి. వెనక మనిషి లేడు.

ముసలి లామా మెడ వంచి ఊర్పి చెవిలో చెప్పింది. కనుమలో మంచు జారిందని. “మమ్మల్ని ముందుకి అదిలించి తను దాని కిందే ఉండిపోయాడమ్మా. మాకు దారి తెలుసు, వచ్చేశాం. ఇంకేం చెయ్యాలో తెలీలేదు.”

ఊర్పి సంచులు దించి గోడకి పేర్చింది. లామాలకి నీళ్ళు పెట్టింది. లోపలికొచ్చి, గోడవైపు తిరిగి, కదురు తిప్పుతూ కూర్చుంది. కదురుకి ఉన్ని పెట్టడం మర్చిపోయింది. ఉత్త కదురే తిరుగుతోంది.

“నాన్నేడీ?” అంది చస్కా.

ఊర్పి ఉత్త కదురు ఇంకా వేగంగా తిప్పింది.

రోటి అంచున ఉన్న నిమ్మకాయకి ఆ పిల్ల మొహం చూస్తే ఉండబట్టలేదు. “వస్తాడమ్మా,” అంది. “వెనకాలే వస్తున్నాడు. కాస్త ఆగు.”

చస్కా రోటి పక్కన చతికిలబడింది.

పక్కింటావిడ ఉడకబెట్టిన బంగాళాదుంపలు తెచ్చింది. “తినవే తల్లీ.”

“నాన్న ఉప్పు వేశాక.”

“మీ నాన్న...” అని ఆవిడ ఊర్పి వైపు చూసి ఆగిపోయింది.

“పచ్చడి పచ్చగానే ఉంది చూడత్తా,” అంది చస్కా. “నాన్న రాకపోతే వెన్నపండు ఇలా ఉంటుందా? దానికి తెలీదా?”

దుంపలు చల్లారాయి. మర్నాడు ఆవిడ ఇంకొన్ని తెచ్చింది. అవీ చల్లారాయి. పిల్ల పెదాలు ఎండిపోయాయి. లేచి నిలబడాలంటే గోడ పట్టుకుంటోంది. అయినా వంగి రోట్లోకి చూస్తుంది. “వస్తున్నాడా?” అంటుంది. నిమ్మకాయ ఒక్క చుక్క కారుస్తుంది. “వస్తున్నాడు, వస్తున్నాడు,” అంటుంది. పచ్చడి మళ్ళీ నిగనిగలాడుతుంది.

ఆఖరికి చస్కా కూర్చున్న చోటే సోలిపోయింది. అప్పుడే మిరపగాడు నిమ్మకాయ మీద విరుచుకుపడ్డాడు. నేను ముందు చెప్పిన గొడవ అదే.

“నిజం చెప్తే పిల్ల తట్టుకోలేదు,” అంది నిమ్మకాయ.

“తిండి లేకపోతే తట్టుకుంటుందా? ఆ చెయ్యి చూడు, కొత్తిమీర కాడలా ఉంది.”

“మధ్యలో నన్నెందుకంటావు?” అంది కొత్తిమీర.

“ఉల్లమ్మా, నువ్వు చెప్పు పోనీ. ఏడిపించడం నీకు అలవాటేగా,” అన్నాడు మిరపగాడు.

ఉల్లమ్మ తల అడ్డంగా ఊపింది. “నేను పెట్టే ఏడుపు మొహం కడుక్కుంటే పోతుందిరా. ఇది అలాంటిది కాదు. నావల్ల కాదు.”

ఉత్త కదురు తిరుగుతున్న చప్పుడొకటే.

“ఎవరూ ఏం చెప్పక్కర్లేదు,” అంది వెన్నపండు. అప్పటిదాకా అది ఒక్క మాట కూడా అనలేదు. “నేను పచ్చగా ఉన్నాననేగా ఆ పిల్ల కూర్చుంది. ఉండటం మానేస్తాను.”

నిమ్మకాయకి భయం వేసింది. “వదినా, నల్లబడితే నిన్నెవరు ముట్టుకుంటారు? కుళ్ళిందంటారు, పారెయ్యమంటారు. నిన్నే కాదు, నీ తర్వాత పుట్టే పళ్ళన్నిటినీ అంటారు.”

“అననీ.”

“ఇంకొంచెంసేపు ఆగు. పిల్ల లేచేదాకా. అప్పటిదాకా నేను పట్టుకుంటాను.”

“సరే,” అంది వెన్నపండు. “లేచేదాకానే.”

చస్కా లేచింది. కళ్ళు నులుముకుంటూ రోట్లోకి చూసింది. అంచు దగ్గర మట్టిరంగు. చూస్తుండగానే అది మధ్యకి పాకింది. తర్వాత బూడిద రంగు. ఆ తర్వాత పొయ్యి గోడకి పట్టిన మసి రంగు.

“నిమ్మా,” అంది చస్కా. “వస్తున్నాడు కదా?”

నిమ్మకాయలో ఇంకా ఒక చుక్క ఉంది. కార్చలేదు. ఊరుకుంది.

చస్కా ఆ నలుపు కేసి చాలాసేపు చూసింది. “రాడా?” అంది. అమ్మని కాదు, రోటిని.

“రాడమ్మా,” అంది వెన్నపండు.

కదురు ఆగింది. ఊర్పి లేచొచ్చి కూతురి పక్కన కూలబడింది. ఇద్దరూ ఒకరినొకరు పట్టుకుని ఏడ్చారు. ఉల్లమ్మ అటు తిరిగి కూర్చుంది. ఆ ఏడుపుకీ తనకీ ఏ సంబంధం లేదు.

ఎంతసేపటికో ఊర్పి గరిటె తీసుకుంది. పారెయ్యడానికేమో అనుకున్నాడు మిరపగాడు. ఊర్పి పైనున్న నలుపుని పక్కకి జరిపింది. కింద పచ్చగానే ఉంది. కోసిననాడు ఎలా ఉందో అలాగే.

“కింద ఆగే ఉన్నావుగా మరి,” అంది చస్కా ముక్కు తుడుచుకుంటూ.

“అది మీ నాన్న కోసం కాదు, నీ కోసం ఆగింది. తిను,” అంది వెన్నపండు.

“ఉప్పు లేదుగా.”

ఊర్పి గోడ దగ్గరున్న సంచి ముడి విప్పబోయింది. మైతా వేసిన ముడి. ఎంత గట్టిగా వేశాడంటే పళ్ళతో లాగాల్సి వచ్చింది. చిటికెడు ఉప్పు తెచ్చింది కానీ, రోటి మీద చెయ్యి ఆగిపోయింది.

“వెయ్యాల్సిన చెయ్యి ఇది కాదే,” అంది.

“వెయ్యమ్మా,” అంది చస్కా. “నాన్న తెచ్చిందేగా.”

ఊర్పి వేసింది. చస్కా చల్లారిన దుంప విరిచి, పచ్చడి అద్దుకుని తింది. బాగుందనలేదు, బాలేదనలేదు. ఇంకో దుంప తీసుకుని సగం అమ్మకిచ్చింది. బయట లామాలు కనుమ వైపే చూస్తూ నిలబడ్డాయి. గాలికి వాటి చెవుల కుచ్చులు ఊగుతున్నాయి.

అప్పటినుంచే వెన్నపండు కోస్తే ఎక్కువసేపు ఆగదు. నల్లబడిపోతుంది. నిమ్మకాయ పిండితే మటుకు ఇంకాస్త సేపు పచ్చగా ఉంటుంది. దాని పాత అలవాటు పోలేదు. “వస్తున్నారు, వస్తున్నారు,” అని ఇప్పటికీ అంటూనే ఉంటుంది. ఎంత నల్లబడ్డా సరే, గరిటెతో పైపొర తీసి చూడు, కింద పచ్చగానే ఉంటుంది.

నిజం చెప్పు. ఆ రోట్లో నువ్వుండి, ఆ పిల్ల వంగి “వస్తున్నాడా?” అని నిన్ను అడిగితే, నువ్వేమంటావు?