ఖాళీ కుర్చీకి వడ్డన

మంచు ముందుగా కురిసి ఆలస్యంగా కరిగే ఒకానొక కొండ రాజ్యాన్ని పూర్వం ఒసోరియో అనే రాజు ఏలేవాడు. తనకంటే గొప్పవాడు ఇంకా పుట్టలేదని అతని నమ్మకం. దాన్ని కాదనే ధైర్యం సభలో ఎవరికీ లేదు.

ఆ రాజ్యంలోని గుళ్ళన్నిటికీ పెద్దగా ఉండే అగ్రపీఠాధిపతి కాలం చేశాడు. ఆ పదవికి పెద్ద పెద్ద గురువులు పోటీపడ్డారు. ఒకరు పొలాలు అడిగారు, ఒకరు పల్లకీ అడిగారు. రాజుకు విసుగెత్తింది.

"ఏమీ అడగనివాణ్ణి వెతికి తెండి" అన్నాడు.

భటులు వెతికి, చెప్పులు లేకుండా తిరుగుతూ ఇంటింటా భిక్షమెత్తుకునే తెవాల్దో అనే మఠ సన్యాసిని తెచ్చి నిలబెట్టారు. మనిషి ఎండుకట్టెలా ఉన్నాడు. రాజుగారి వేటకుక్క ఎదురు రాగానే స్తంభం వెనక్కి తప్పుకున్నాడు. సభంతా గొల్లున నవ్వింది.

"ఇతనే నాకు సరిపోయేవాడు" అన్నాడు రాజు.

పట్టం కట్టిన రోజున రాజు సువార్త గ్రంథం మీద చెయ్యి వేసి, అందరూ వినేలా, "ఒక వరం కోరుకోండి స్వామీ, ఇచ్చి తీరతాను" అని ప్రమాణం చేశాడు.

"మా మఠంలో ఒక ఆచారం ఉంది ప్రభూ" అన్నాడు తెవాల్దో. "మాలో ఎవరైనా చనిపోతే నెల రోజుల వరకూ భోజనాల గదిలో వారి చోటు తీసెయ్యం. రోజూ వారికీ వడ్డిస్తాం. తర్వాత ఆ భోజనం గుమ్మంలో నిలబడ్డ బీదవాడికి పెడతాం. ఇకమీదట నేను తినేది మీ బల్ల దగ్గరే కదా. నా ఇంటివాళ్ళు ఎవరు పోయినా ఆ ఆచారం ఇక్కడ జరగనివ్వండి."

రాజు పకపకా నవ్వాడు. "చచ్చినవాళ్ళు ఎంత తింటారు స్వామీ! అలాగే కానివ్వండి."

ఆ ఏడు పంట పోయింది. చలికాలం సగం గడిచేసరికి కొండ కింది పేటలో జనం చెట్ల బెరడు ఉడకబెట్టుకు తింటున్నారు. కొండ మీద రాజుగారి ధాన్యపుకొట్టు మాత్రం పైకప్పు దాకా నిండి ఉంది. దాని తాళంచెవి రాజు మెడలో గొలుసుకు వేలాడుతోంది. వసంతంలో అతని పట్టాభిషేకపు వార్షిక పండుగ జరగాలి, పొరుగు రాజులు వచ్చి ఆ కొట్టు చూసి కుళ్ళుకోవాలి. అందుకోసం మనుషులు చచ్చిపోతున్నారు. తెవాల్దో వెళ్ళి అడిగినప్పుడల్లా, "పండుగ కానివ్వండి, చూద్దాం" అనేవాడు రాజు.

ఒక మధ్యాహ్నం తెవాల్దో భోజనాలశాలకు వచ్చి, బల్ల చివరి కుర్చీ వెనక్కి లాగాడు.

"గాస్పర్, ఇక్కడ వడ్డించు" అన్నాడు వడ్డనల పెద్దతో.

"ఎవరికి స్వామీ?"

"రొజాలియాకు. కింది పేటలో రొట్టెలు కాల్చేది. పిండి లేక, ఆకలితో చనిపోయింది."

రాజు కనుబొమలు ముడిపడ్డాయి. "ఆవిడ మీ ఇంటిమనిషి ఎప్పుడయింది?"

"మఠంలో ఉన్నన్నాళ్ళూ నా ఇల్లు చిన్నదే ప్రభూ. రాజ్యమంతటికీ తండ్రిగా ఉండమని నా నెత్తిన ఈ పెద్ద టోపీ పెట్టింది తమరే."

ప్రమాణం చేసిన నోరు. రాజు వడ్డించమని గాస్పర్‌కు సైగ చేశాడు.

గాస్పర్ వేడి పులుసు పోశాడు. ఆవిరి నిటారుగా లేచింది. అంతలో, ఎవరో వంగి ఊదినట్టు, ఒక పక్కకు వాలింది. కిటికీలన్నీ మూసే ఉన్నాయి. రాజు కాళ్ళ దగ్గర పడుకున్న వేటకుక్క లేచి వెళ్ళి, ఆ ఖాళీ కుర్చీ అంచు మీద గడ్డం ఆనించి కళ్ళు మూసుకుంది.

"రొజాలియా దీనికి మాడిన రొట్టెముక్కలు వేసేది" అని గొణిగాడు గాస్పర్. "ఇలాగే ఆవిడ ఒళ్ళో తల పెట్టేది."

ఆ పూట ఎవరూ సరిగ్గా తినలేదు.

కుర్చీలు పెరిగాయి. పెద్దమనుషులు ఒక్కొక్కరే బల్ల వదిలి, గోడవారన నిలబడి తినడం నేర్చుకున్నారు. ముట్టుకోని గిన్నెలు సాయంత్రానికి పేటకు దిగేవి. పోయినవాళ్ళ వాటాతో ఉన్నవాళ్ళు కొందరు బతికారు. అందరికీ అది చాలలేదు.

రాజు ఒక ఎత్తు వేశాడు. చావు కబుర్లు పైకి రాకుండా పేట ద్వారం తలుపులు మూయించాడు. చావుగంట మోగకుండా దాని నాలుక కట్టించాడు. మర్నాడు కులాసాగా భోజనానికి కూర్చున్నాడు.

"ఏం స్వామీ, ఇవాళ కొత్త చుట్టాలెవరూ రాలేదా?"

"నాకు ఒక్క పేరూ చేరలేదు ప్రభూ."

"చూశారా! చావులు ఆగిపోయాయి."

అప్పుడు కుక్క లేచింది. మూసి ఉన్న తలుపు వైపు చూసి తోక ఊపింది. తలుపు దాకా వెళ్ళి, అక్కడి నుంచి నెమ్మదిగా వెనక్కి నడిచింది, నడవలేని మనిషి పక్కన ఆగి ఆగి నడిచినట్టు. బల్ల చివరి కుర్చీల దగ్గర ఆగలేదు. రాజుగారి కుడిపక్కన, మంత్రి వదిలిపోయిన కుర్చీ దాకా వచ్చి, దాని మీద గడ్డం ఆనించింది.

రాజు కుడిచేతి మీద చల్లగా ఏదో తగిలింది.

"స్వామీ, ఇక్కడ... ఇక్కడ ఎవరు?"

"పేరు నా దాకా రానివ్వలేదు కదా ప్రభూ" అన్నాడు తెవాల్దో. "మీ పక్కనే ఉన్నారు. మీరే అడగండి."

రాజు దిగ్గున లేచాడు. మెడలోని తాళంచెవి గొలుసు తీసి బల్ల మీద పడేశాడు.

"కొట్టు తెరవండి. పేట తలుపులూ తెరవండి. ఇప్పుడే!"

నాలుగు రోజుల్లో పేటలో పొయ్యిలు రాజుకున్నాయి. పొగ చూశాక రాజుకు ధైర్యం తిరిగొచ్చింది, దానితో నవ్వూ వచ్చింది.

"ఏ శత్రురాజూ తెరిపించలేని కొట్టును ఖాళీ కుర్చీలతో తెరిపించారు స్వామీ! ఆ తాళంచెవి ఇక మీదే, బహుమానం. కానీ కుక్కకు ఆ విద్య ఎలా నేర్పారో చెప్పాలి."

"నేనా?" తెవాల్దో కాళ్ళు దగ్గరకు లాక్కున్నాడు. "చిన్నప్పుడు ఒకటి నన్ను కరిచింది ప్రభూ. అప్పటి నుంచి వాటి దరిదాపులకు పోను. తమరు చూస్తూనే ఉన్నారు కదా."

రాజు నవ్వు సగంలో ఆగింది. చాలాసేపటికి మళ్ళీ మొదలైంది గానీ, ఈసారి అందులో పొగరు లేదు.

కొన్నేళ్ళకు తెవాల్దో పోయాడు. రాజు తన కుడిపక్కనే ఆయనకు రోజూ వడ్డింపజేశాడు. నెల నిండాక గాస్పర్ కుర్చీ తీసెయ్యడానికి వచ్చాడు.

"ఉండనీ" అన్నాడు రాజు.

లేచి ఆ కుర్చీని తన చేత్తోనే వెనక్కి లాగాడు, బక్కపల్చటి మనిషి కూర్చోవడానికి సరిపడా. తర్వాత తన కాళ్ళ దగ్గరున్న కుక్కను తీసుకెళ్ళి శాల అవతలి మూల కట్టేసి వచ్చాడు.

"ఆయనకు భయం" అన్నాడు.